తత్యానా సమోయిలోవా సినిమా జీవితం: తరచుగా అడిగే ప్రశ్నలు

పాత సోవియట్ సినిమాలు ఇష్టపడే మిత్రులతో కూర్చుని "ద క్రేన్స్ ఆర్ ఫ్లయింగ్" చూసిన ప్రతిసారీ, లైట్లు వెయ్యగానే అవే ప్రశ్నలు వస్తాయి. ఈ అమ్మాయి ఎవరు? తర్వాత ఏమైంది? ఇంత గొప్ప నటి ఇన్ని తక్కువ సినిమాలు ఎందుకు చేసింది? ప్రతిసారీ నోటితో చెప్పేకంటే ఒకచోట రాసిపెడితే మేలనిపించింది. మీకు కావలసిన ప్రశ్న దగ్గరికి నేరుగా వెళ్లి చదువుకోవచ్చు.

## ముందుగా తెలుసుకోవలసినవి

అసలు ఈ తత్యానా సమోయిలోవా ఎవరు? రెండు మాటల్లో చెప్పండి.

1934 మే 4న లెనిన్‌గ్రాద్‌లో పుట్టి, మాస్కోలో పెరిగి, 23 ఏళ్ల వయసులో ప్రపంచమంతా గుర్తుపట్టే ముఖంగా మారిన రష్యన్ నటి. 1957లో వచ్చిన "ద క్రేన్స్ ఆర్ ఫ్లయింగ్"లో వెరోనికా, 1967లో టాల్‌స్టాయ్ నవల ఆధారంగా వచ్చిన "అన్నా కరేనినా"లో అన్నా ఆమెకు పేరు తెచ్చిన పాత్రలు. మొదటి సినిమా 1955లో, చివరిది 2008లో. మధ్యలో చాలా ఏళ్లు ఖాళీ.

"మేరా నామ్ జోకర్"లో రాజ్ కపూర్ పక్కన చేసిన రష్యన్ అమ్మాయి ఈమేనా?

కాదు. 1970లో వచ్చిన ఆ సినిమాలో మరీనాగా చేసింది బల్షోయ్ థియేటర్ బాలే నర్తకి క్సేనియా ర్యాబింకినా. ఇద్దరిదీ రష్యా కావడం, ఇద్దరూ నల్లని కళ్లతో గుర్తుండిపోవడం వల్ల మనవాళ్లు కలిపేస్తుంటారు. మన దేశానికి చెందిన సినిమా దేనిలోనూ సమోయిలోవా నటించలేదు. అయితే ఒక చిన్న చుట్టరికం ఉంది. ఆమె మొదటి సినిమా "మెక్సికన్"లో హీరో ఒలేగ్ స్త్రిజేనోవ్. ఆ తర్వాత రెండేళ్లకే భారత, సోవియట్ దేశాలు కలిసి తీసిన "పర్‌దేశీ"లో నర్గీస్ సరసన అఫనాసీ నికీతిన్‌గా నటించింది ఆయనే. నికీతిన్ అంటే పదిహేనో శతాబ్దంలో మన దక్కన్‌కు, బీదరుకు వచ్చి వెళ్లిన రష్యన్ వర్తకుడు.

పేరు చివర కొన్నిచోట్ల సమోయిలోవ్, కొన్నిచోట్ల సమోయిలోవా అని ఉంటుంది. ఏది సరి?

రెండూ సరైనవే, కానీ మనుషులు వేరు. రష్యన్లలో ఇలాంటి ఇంటిపేర్లకు ఆడవాళ్ల విషయంలో చివర "ఆ" చేరుతుంది. తండ్రి యెవ్గేనీ సమోయిలోవ్, కూతురు తత్యానా సమోయిలోవా. మధ్యలో వచ్చే "యెవ్గేన్యెవ్నా" అంటే యెవ్గేనీ కూతురని అర్థం.

## తొలి అడుగులు

తండ్రి పేరున్న నటుడు కదా, ఆయన వల్లే ఛాన్సులు వచ్చాయా?

యెవ్గేనీ సమోయిలోవ్ మామూలు నటుడు కాదు. 1939లో దొవ్‌జెంకో తీసిన "షోర్స్"లో ఆయనే కథానాయకుడు. ఆ ఇంట్లో పుట్టిన పిల్లకు నాటకం, సినిమా కొత్త కావు. ఆ మాట ఒప్పుకోవాల్సిందే. కానీ తండ్రి తరం నటన గంభీరంగా, గొంతెత్తి పలికే పద్ధతిలో ఉండేది. కూతురు దానికి పూర్తిగా ఎదురు దారిలో నడిచింది. ఆమె సీన్లు చూడండి: మాటలు తక్కువ, నడక, ఊపిరి, చూపు ఎక్కువ. ఇది ఇంట్లో ఆస్తిలా వచ్చేది కాదు.

బాలే నేర్చుకుందట, నిజమేనా?

నిజమే. మాస్కోలో స్తనిస్లావ్‌స్కీ, నెమిరోవిచ్-దాంచెంకో పేరు మీదున్న సంగీత నాటకశాల బాలే స్టూడియోలో చదివింది. తర్వాత నాటకం వైపు వచ్చింది. ఆ శిక్షణ ఎక్కడికీ పోలేదు. ఆమె పరుగెత్తే సీన్లలో వీపు నిటారుగా, మెడ పొడుగ్గా, చేతులు గాలిని చీలుస్తున్నట్టు ఉంటాయి. కెమెరా ఆమె వెంట పరుగెత్తగలిగిందంటే ఆమె పరుగులో ఒక లయ ఉండబట్టే.

నటనలో చదువు ఎక్కడ? డిగ్రీ పూర్తి చేసిందా?

వఖ్‌తాంగోవ్ థియేటర్‌కు అనుబంధమైన షూకిన్ నాటక విద్యాలయంలో చేరింది. విద్యార్థులు చదువు పూర్తయ్యేదాకా సినిమాల్లో నటించకూడదన్నది ఆ రోజుల్లో అక్కడి కట్టుబాటు. సినిమా పిలుపు వచ్చింది, వెళ్లింది, దాంతో ఆ చదువు మధ్యలో ఆగింది. అక్కడే తోటి విద్యార్థి వసీలీ లనవోయ్‌తో పరిచయం, ఇరవై ఒకటో ఏట పెళ్లి. కొన్నేళ్లకే విడిపోయారు.

## వెరోనికా

"ద క్రేన్స్ ఆర్ ఫ్లయింగ్" కథ ఏమిటి? మలుపులు చెప్పేయకుండా చెప్పండి.

1941 జూన్. మాస్కోలో వెరోనికా, బరీస్ ప్రేమించుకుంటున్నారు. ఇతను ఆమెను ముద్దుగా "ఉడత" అని పిలుస్తాడు. యుద్ధం వచ్చిపడుతుంది. బరీస్ తనంతట తానుగా సైన్యంలో చేరతాడు. ఆమె వెనక మిగులుతుంది. సినిమా యుద్ధరంగంలో కన్నా ఈ వెనక మిగిలిన మనిషి దగ్గరే ఎక్కువసేపు ఉంటుంది. ఆమె చేసిన ఒక తప్పు, అది ఎలా జరిగింది, దాన్ని మోస్తూ ఎలా బతికింది అన్నదే కథ. విక్తర్ రోజోవ్ రాసిన నాటకం దీనికి మూలం. దర్శకుడు మిఖాయిల్ కలతోజోవ్, ఛాయాగ్రాహకుడు సెర్గేయ్ ఉరుసేవ్‌స్కీ, బరీస్‌గా అలెక్సేయ్ బతాలోవ్.

పేరును తెలుగులో "కొంగలు ఎగురుతున్నాయి" అనొచ్చా?

అనొచ్చు, కానీ మన కళ్ల ముందు చెరువు గట్టు మీది తెల్లకొంగ మెదులుతుంది. రష్యన్ మాట "జురావ్లీ" చెప్పేది బారులు తీరి వలస పోయే పెద్ద పక్షిని. మన పాత మాటల్లో దానికి దగ్గరగా వచ్చేది క్రౌంచం, ఊరి మాటలో బెగ్గురు. క్రౌంచం అనగానే జంటలో ఒకదాన్ని వేటగాడు కొట్టినప్పుడు వాల్మీకి నోట వెలువడిన శోకం మనకు గుర్తొస్తుంది. ఆ జ్ఞాపకంతో ఈ సినిమా చూస్తే మొదటి సీనులో ఆకాశంలో పక్షులు కనిపించినప్పుడే మనసు చివుక్కుమంటుంది. ఫ్రెంచివాళ్లకు ఇంకో చిక్కు వచ్చింది. వాళ్ల భాషలో ఈ పక్షి పేరుకు వేశ్య అనే నీచార్థం కూడా ఉంది. అందుకని అక్కడ పేరు మార్చి వేరే పక్షిని పెట్టుకున్నారు.

ఈ పాత్రలో అంత కొత్త ఏముంది? ప్రేమించినవాడు యుద్ధానికి వెళ్లాడు, ఆమె ఎదురుచూసింది, అంతే కదా?

ఆమె సరిగ్గా ఎదురుచూడలేకపోయింది, కొత్తదనం అక్కడే ఉంది. అప్పటిదాకా సోవియట్ తెర మీద యుద్ధకాలపు స్త్రీ అంటే కన్నీళ్లు దిగమింగి కర్మాగారంలో పనిచేసే ఉక్కుమనిషి, లేదా శత్రువును ఎదిరించే వీరనారి. వెరోనికా ఆ రెండూ కాదు. బాంబుదాడిలో తల్లిదండ్రులు పోయాక, ఒంటరితనంలో, ఒక రాత్రి దెబ్బకు నలిగిపోయి, ప్రేమించని మనిషిని పెళ్లి చేసుకుంటుంది. సినిమా ఆమెను వెనకేసుకురాదు, వీధిలో నిలబెట్టి రాళ్లూ వేయదు. స్టాలిన్ 1953లో పోయాడు, 1956లో ఆ తర్వాతి నాయకుడు క్రుశ్చేవ్ పార్టీ మహాసభలో, రహస్య ప్రసంగంలో ఆ పాలనను తప్పుపట్టాడు. ఆ తెరపి లేకపోతే ఇలాంటి కథానాయిక స్టూడియో గడప దాటేది కాదు.

రెండు కోట్ల డెబ్భై లక్షల దాకా మనుషులను పోగొట్టుకున్న దేశమది. చూసేవాళ్లలో ప్రతి ఒక్కరి ఇంట్లోనూ తిరిగిరాని మనిషి ఒకరున్నారు. వాళ్లలో ఎందరో తమ తప్పులను మొదటిసారి తెర మీద చూసుకున్నారు. సోవియట్ యూనియన్‌లో ఈ సినిమాను దాదాపు 2 కోట్ల 80 లక్షల మంది చూశారు.

కెమెరా పనితనం గురించే అందరూ మాట్లాడతారు. ఇందులో నటి గొప్పేముంది?

ఈ ప్రశ్న నన్ను కాస్త బాధపెడుతుంది, అందుకే వివరంగా చెబుతాను. ఉరుసేవ్‌స్కీ యుద్ధంలో కెమెరా పట్టుకుని తిరిగినవాడు, చేత్తో పట్టుకుని పరుగెడుతూ షాట్ తీయడం ఆయనకు వచ్చు. వీడ్కోలు సీను చూడండి. వెరోనికా బస్సులో ఉంటుంది, కెమెరా ఆమె ముఖానికి దగ్గరగా ఉంటుంది. బస్సు ఆగగానే ఆమె దిగుతుంది, కెమెరా ఆమెతోపాటే దిగి జనంలో దూరుతుంది. ఆమె కిక్కిరిసిన మనుషులను తోసుకుంటూ వెళ్తుంటే, అదే షాట్‌లో కెమెరా పైకి లేస్తుంది. ఆమె టాంకుల వరస మధ్య నుంచి అడ్డంగా పరుగెడుతుంది. మధ్యలో కట్ లేదు.

ఇప్పుడు నటి వైపునుంచి ఆలోచించండి. ముందు క్లోజప్‌లో కనురెప్ప కదలిక కూడా తెలిసేలా నటించాలి, మరుక్షణం గుంపులో ఒక చుక్కలా కనిపించినా అదే ఆందోళన ఒంట్లో ఉండాలి. గుర్తు పెట్టిన చోటికి సమయానికి చేరాలి, కానీ కొలిచి నడుస్తున్నట్టు ఉండకూడదు. అలా కెమెరాతో ఊపిరి కలిపిన నటి దొరికింది కాబట్టే ఆ షాట్ బతికింది. ఇంకొకరిని పెట్టి అదే షాట్ తీస్తే మనం యంత్రాన్ని మెచ్చుకుని ఊరుకునేవాళ్లం.

షూటింగ్‌లో ఆమె ఆరోగ్యం పాడైందని విన్నాం. ఎంతవరకు నిజం?

ఆ రోజుల్లో తనకు క్షయ సోకిందని, అయినా పని ఆపలేదని ఆమె తర్వాత చెప్పింది. సినిమాలో యుద్ధం సాగేకొద్దీ ఆమె బుగ్గలు లోతుకు పోతాయి. చూస్తున్నప్పుడు ఆ విషయం తెలిసి ఉంటే గుండె బరువెక్కుతుంది.

## కేన్స్, ఆ తర్వాత

కేన్స్‌లో ఉత్తమ నటి అవార్డు వచ్చిందా?

రాలేదు. 1958 కేన్స్‌లో సినిమాకు అత్యున్నత బహుమతి "పామ్ దోర్" వచ్చింది. సోవియట్ సినిమాల్లో ఆ బహుమతి అందుకున్నది ఇదొక్కటే. సమోయిలోవాకు జ్యూరీ ప్రత్యేక ప్రశంస దక్కింది. ఆ ఏడు ఉత్తమ నటి బహుమతిని స్వీడన్ దర్శకుడు బెర్గ్‌మన్ సినిమాలో చేసిన నలుగురు స్వీడిష్ నటీమణులు పంచుకున్నారు. అదే పోటీలో మన సత్యజిత్ రాయ్ "పరశ్ పాథర్" కూడా ఉంది. ఆ తర్వాత బ్రిటిష్ అకాడమీ విదేశీ నటి విభాగంలో నామినేషన్లు ప్రకటించినప్పుడు సమోయిలోవా పేరు పక్కనే "అపరాజితో"లో తల్లిగా చేసిన కరుణా బెనర్జీ పేరూ ఉంది. మనవాళ్లు ఈ సంగతి ఎక్కువగా చెప్పుకోరు, చెప్పుకోవాలి.

విదేశాల్లో అంత పేరొచ్చాక అక్కడే ఎందుకు నటించలేదు?

నిర్ణయం ఆమె చేతిలో లేదు. సోవియట్ నటులు విదేశీ సినిమా చెయ్యాలంటే ప్రభుత్వ సినిమా శాఖ అనుమతి కావాలి. ఫ్రెంచి నటుడు జెరార్ ఫిలిప్ సరసన "అన్నా కరేనినా" చేయమని ఆహ్వానం వచ్చిందని, పైవాళ్లు ఒప్పుకోలేదని ఆమె ఇంటర్వ్యూల్లో చెప్పింది. జెరార్ ఫిలిప్ 1959లోనే 36 ఏళ్లకు చనిపోయాడు. అలా ఆ జంట తెర మీదికి రానేలేదు.

పూర్తిగా తలుపులు మూశారనీ అనలేం. హంగరీలో 1961లో "అల్బా రెగియా" చేసింది. సోవియట్ రేడియో ఆపరేటర్ పాత్ర, కథ జరిగేది సేకెష్‌ఫెహెర్వార్ నగరంలో. ఆ ఊరి లాటిన్ పేరే సినిమా పేరు. 1964లో జుసెప్పే దె శాంతిస్ తీసిన ఇటాలియన్ యుద్ధ చిత్రంలో కనిపిస్తుంది. ఆ సినిమాలో అమెరికన్ నటుడు పీటర్ ఫాక్ కూడా ఉన్నాడు. మంచి పనులే, కానీ ఆమె స్థాయికి చాలవు.

"పంపని ఉత్తరం" చూడదగ్గదేనా?

తప్పకుండా. కలతోజోవ్, ఉరుసేవ్‌స్కీ, సమోయిలోవా ముగ్గురూ మళ్లీ కలిసిన సినిమా, 1960 కేన్స్ పోటీకి వెళ్లింది. నలుగురు సైబీరియా అడవుల్లోకి వజ్రాల కోసం వెళ్తారు. ఇది ఊహించి అల్లిన నేపథ్యం కాదు. యాకూతియాలో వజ్రపు గనులు బయటపడింది 1954, 55 సంవత్సరాల్లోనే. ఇన్నొకేంతీ స్మక్తునోవ్‌స్కీ, యెవ్గేనీ ఉర్బాన్‌స్కీ, వసీలీ లివానోవ్, వీళ్లతో ఒకే ఒక్క ఆడమనిషిగా సమోయిలోవా. సగం నుంచి అడవి అంటుకుంటుంది. పొగలో, బురదలో, మంచులో మనుషుల ముఖాలు నల్లబడిపోతాయి. కథగా కొంచెం పల్చన, మాటలు అక్కడక్కడ ఉపన్యాసంలా ఉంటాయి. కానీ అలిసిపోయిన మనిషి ఎలా నడుస్తుందో, ఎలా కూలబడుతుందో ఆమె చూపించిన తీరు వెరోనికాకు ఏమాత్రం తీసిపోదు.

## అన్నా

"అన్నా కరేనినా" ఎన్నో వచ్చాయి. ఈమె చేసింది ఏది?

1967లో అలెక్సాందర్ జర్ఖీ దర్శకత్వంలో మాస్‌ఫిలిం తీసింది. రంగుల్లో, 70 ఎంఎం తెర కోసం. నికొలాయ్ గ్రిత్సెంకో అన్నా భర్త కరేనిన్, వసీలీ లనవోయ్ ఆమె ప్రేమికుడు వ్రోన్‌స్కీ, అనస్తాసియా వెర్తీన్‌స్కయా కిట్టీ. బాలే దిగ్గజం మాయా ప్లిసేత్‌స్కయా బెట్సీగా వేసింది. సంగీతం ఆమె భర్త రొద్యోన్ షెద్రీన్‌ది. ఆయన 1972లో ఇదే కథతో బాలే రాశాడు, అందులో అన్నాగా ప్లిసేత్‌స్కయా నర్తించింది. సినిమాను సోవియట్ ప్రేక్షకులు సుమారు 4 కోట్ల మంది చూశారు. 1968 కేన్స్‌కు ఎంపికైంది కూడా. కానీ ఆ మే నెలలో పారిస్ విద్యార్థుల ఉద్యమం ఉధృతమై చిత్రోత్సవం మధ్యలోనే ఆగిపోయింది.

వ్రోన్‌స్కీగా చేసింది ఆమె మాజీ భర్తేనా? అది నటనకు అడ్డం కాలేదా?

అవును, విడిపోయిన చాలా ఏళ్లకు ఇద్దరూ తెర మీద ప్రేమికులయ్యారు. షూటింగ్‌లో వాళ్ల మధ్య ఏం జరిగిందన్నది వాళ్ల సొంత విషయం. తెర మీద కనిపించేది మాత్రం చెప్పగలను. అన్నా వ్రోన్‌స్కీ వైపు చూసే చూపులో మొదటి నుంచీ ఒక భయం ఉంది, ఇది ఎక్కడికి పోతుందో ముందే తెలిసినట్టు. దాన్ని నిజజీవితానికి అంటగట్టి చెప్పడం నాకు ఇష్టం లేదు. వెరోనికాలోనూ ఆ చూపు ఉంది కదా.

టాల్‌స్టాయ్ అన్నాకు ఈమె సరిపోయిందా?

నా మటుకు నాకు సరిపోయింది. నవలలో అన్నా నిండుగా, మెరుపుతో ఉంటుంది. సమోయిలోవా అన్నాలో అలసట, కోపం ఎక్కువ. కొడుకు పుట్టినరోజున దొంగతనంగా ఇంటికి వెళ్లే సీను చూడండి. ముసుగు తీస్తున్నప్పుడు ఆమె చేతులు తొందరపడతాయి, మంచం దగ్గరికి వచ్చేసరికి ఒక్కసారిగా నెమ్మదిస్తుంది. ఆ ఒక్క మార్పు చాలు. సినిమా మొత్తం మీద కాస్త భారంగా, అలంకారంగా ఉందనేవాళ్లతో నేను వాదించను. ఆమెను తీసేస్తే మాత్రం ఆ భారం మోయలేం.

## ఖాళీ సంవత్సరాలు

"అన్నా" తర్వాత ఏమైపోయింది?

1970లలో కొన్ని సినిమాలు చేసింది. 1975లో విప్లవం తర్వాతి వజ్రాల దొంగతనం, గూఢచారుల కథ ఉన్న ఎస్తోనియా సినిమా "శ్రామికవర్గ నియంతృత్వానికి వజ్రాలు" వాటిలో చెప్పుకోదగ్గది. ఆ తర్వాత తెర మీద ఏళ్లకేళ్లు కనిపించలేదు. సోవియట్ పద్ధతిలో సినీ నటులకు ప్రత్యేక నాటకశాల ఉండేది, నెల జీతం వచ్చేది. కాబట్టి పస్తులుండే పరిస్థితి కాదు. కానీ జీతం వేరు, పాత్ర వేరు. పాత్ర కోసం పిలిచేవాళ్లు లేక నలభై ఏళ్ల వయసులో ఒక గొప్ప నటి ఇంట్లో కూర్చుంది.

కారణం ఏమిటి? ఆమె గొడవమనిషి అంటారే?

ఆ మాట నేనూ చదివాను. ప్రతిభ ఉన్న ఆడమనిషికి పని దొరక్కపోతే ఆమె స్వభావం మీదికి నెట్టెయ్యడం ఎక్కడైనా ఉన్నదే. నాకు కనిపించే కారణాలు వేరు. స్టాలిన్ తర్వాత వచ్చిన ఆ తెరపి అరవైల చివరికి ముగిసింది, స్టూడియోల్లో జాగ్రత్త పెరిగింది. కలతోజోవ్ 1973లో, ఉరుసేవ్‌స్కీ 1974లో పోయారు. ఆమె ముఖాన్ని ఎలా చూపించాలో తెలిసిన ఇద్దరూ ఒకరి వెనక ఒకరు వెళ్లిపోయారు. పైగా నలభై దాటిన కథానాయికకు రాసే పాత్రలు అక్కడా తక్కువే. విదేశాల్లో పిలిచిన వయసులో వెళ్లనివ్వలేదు. ఇన్ని కలిశాక ఒక్క మనిషి స్వభావాన్ని తప్పుపట్టడం అన్యాయం.

తిరిగి వచ్చిందా? ఎప్పుడు పోయింది?

వచ్చింది, చిన్న పాత్రలతో. 2004 టీవీ సీరియల్ "మాస్కో సాగా", 2008 సినిమా "నిర్వాణ"లో చూడొచ్చు. 1990లో కేన్స్ ఆమెను మళ్లీ పిలిచి గౌరవించింది. 1993లో రష్యా ప్రజా కళాకారిణి బిరుదు, 2007లో మాస్కో చలనచిత్రోత్సవంలో సత్కారం అందాయి. 2014 మే 4న, సరిగ్గా 80వ పుట్టినరోజు నాడు మాస్కోలో కన్నుమూసింది. సమాధి నొవొదేవిచ్యే శ్మశానంలో ఉంది.

## చూడాలనుకునేవాళ్లకు

సినిమాలు ఎక్కడ దొరుకుతాయి? సబ్‌టైటిల్స్ ఉంటాయా?

మాస్‌ఫిలిం తన పాత సినిమాలను సొంత యూట్యూబ్ ఛానల్‌లో పెట్టింది. "క్రేన్స్" అక్కడే ఇంగ్లీషు సబ్‌టైటిల్స్‌తో చూడొచ్చు. గంటన్నర పైన కొద్ది నిమిషాలే కాబట్టి ఒక సాయంత్రం సరిపోతుంది. ఫోన్‌లో వద్దు, ఉన్నంతలో పెద్ద తెర మీద చూడండి.

నాకు ఒక్క సీను చూసే టైమే ఉంది. ఏది చూడమంటారు?

బరీస్‌ను సాగనంపడానికి ఆమె ఆలస్యంగా వచ్చే సీను. ఇనుప కమ్మీల అవతల సైనికులు వరస కడుతున్నారు. చుట్టూ ఏడుపులు, నవ్వులు, అకార్డియన్ పాటలు. ఆమె చేతిలో చిన్న బిస్కట్ల పొట్లం. "బరీస్!" అని పిలుస్తుంది, ఆ గోలలో వినపడదు. అతను ఆమె కోసమే వెతుకుతున్నాడు, వేరే వైపు. వరస కదులుతుంది. ఆమె పొట్లాన్ని అతని వైపు విసురుతుంది. అది అందదు, కింద పడి విప్పుకుంటుంది. నడిచిపోతున్న వాళ్ల బూట్ల కింద బిస్కట్లు ఒకటొకటిగా పొడి అవుతాయి. ఆమె ఇంకా అటే చూస్తూ ఉంటుంది.